రాక్ అండ్ రోల్ పుట్టిన మధ్యాహ్నం

ఆదివారం మధ్యాహ్నం. షార్జాలోని రోలాలో ఓ పాత బిల్డింగు. రాత్రంతా టాక్సీ నడిపొచ్చిన ఇమామ్ హుస్సేన్ అప్పుడే నడుం వాల్చాడు.

పై ఫ్లాట్లో గిటారు గర్రుమంది. వెనకే ఓ ఆడగొంతు, రేకు చించినట్టు.

పైన ఉండేది కడప హయాత్ బాషా. గోడలకు పాత పరుపులు కొట్టి, పడగ్గదిని రికార్డింగు స్టూడియో చేశాడు. తెలుగులో రాక్ అండ్ రోల్ తన చేతుల మీదుగానే పుట్టాలట. పురిటినొప్పులు మాత్రం కింద ఇమామ్ హుస్సేన్‌కి.

నిద్ర చాలకపోతే ఉద్యోగం ఊడుతుంది. మొన్న సిగ్నల్ దగ్గర కునుకు తీసినందుకు టాక్సీ కంపెనీ ముదీర్, అదే మేనేజరు, ఆఖరి హెచ్చరిక ఇచ్చేశాడు.

మాపు కర్రతో సీలింగు మీద నాలుగు పొడిచాడు. పాట ఆగింది. పడుకున్నాడు. మళ్ళీ మొదలైంది.

మూడోసారికి లుంగీ ఎగ్గట్టి పైకెక్కాడు.

హయాత్ బాషా చేతులు పట్టుకున్నాడు. "మాఫ్ చెయ్యి భాయ్. ఈ యమ్మికి వారానికి ఈ ఒక్క పూటే సెలవు. అయిదింటికల్లా పనిచేసే మేడమ్ ఇంట్లో ఉండాల."

గిటారుతో అయూబ్. మైకు ముందు విజయదుర్గ. డ్రమ్ముల జాడ లేదు. అదొక్కటీ అల్లా దయ అనుకున్నాడు ఇమామ్ హుస్సేన్.

ఆమె గబగబా చాయ్ పోసిచ్చింది. "అయ్యో, బాబాయ్‌గారి కళ్ళు చూడండి, పండుమిరపకాయల్లా ఉన్నాయి!"

"అది తెలిసీ పాడతావా తల్లీ?"

"ఒక్క పాటే బాబాయ్. కుదిరిందా, ఖలాస్."

"పాటలో పడితే మాకు ఒళ్ళు తెలీదు భాయ్," అన్నాడు బాషా. "ఇబ్బందయితే కొట్టు. మొగమాటం వద్దు. మెల్లగా కొడితే మాకు వినపడదు."

అంత మర్యాదకు మెత్తబడ్డాడు. చాయ్ తాగి దిగొచ్చాడు.

పాట మొదలైంది. ఈసారి మరీ అన్యాయం. కర్ర అందుకున్నాడు. ముదీర్‌ని తలుచుకుని ఒకటి. వెనకసీట్లో కక్కిన ప్యాసింజర్ని తలుచుకుని ఒకటి. పదమూడేళ్ళ నైట్ డ్యూటీని తలుచుకుని దడదడా. మూడు నిమిషాలు ఆగకుండా బాదాడు. సున్నం రాలి గడ్డం తెల్లబడింది.

"ఖలాస్!" పైనుంచి బాషా కేక. అంతే, మళ్ళీ చప్పుడు లేదు.

గెలిచానన్న తృప్తితో సాయంత్రం దాకా చంటిపిల్లాడిలా నిద్రపోయాడు.

నెల తర్వాత టాక్సీ ఎక్కిన ఓ తెలుగు నర్సమ్మ ఫోన్లో అదే పాట మోగింది.

"లక్షలమంది విన్నారు అంకుల్! మన షార్జావాళ్ళేనట."

సిగ్నల్ దగ్గర ఆమె చూపించిన ఫోను మీద వరుసగా పేర్లున్నాయి: "గానం: విజయదుర్గ. గిటారు: అయూబ్. డ్రమ్స్: ఇమామ్ హుస్సేన్, కింది ఫ్లాట్."