రాణి వేషం

1957 వేసవి. ఆళ్లగడ్డ టూరింగు టాకీసులో ఆడవాళ్ల పక్క, నేల మీద, తలకు కొంగు కప్పుకుని కూర్చుంది వనజాక్షి. తెర మీద రాణి వేషంలో ఉన్నది తనే. రంగు పూయని ముఖాన్ని ఎవరూ గుర్తుపట్టలేదు. మద్రాసులో ఆ ఒక్క సినిమా తర్వాత తనను మళ్లీ ఎవరూ పిలవలేదు.

పక్కనున్న గుల్జార్‌బీ మాట కలిపింది.

"అక్కా, ఈయమ్మను నేను నంద్యాల నాటకంలో సూసినా. ఇదే రాణి వేషం. నా సంకలో బిడ్డ గూడా ఏడుపు మానేసి పద్యం ఇన్యాడు. జనం మూడుసార్లు వన్స్ మోర్ అంటే, సచ్చిన మొగుని పక్కన ఏడుస్తాండేది లేసి, దండం పెట్టి, మూడుసార్లూ పాడింది."

"ఇప్పుడు యాడుంటాదో?" అంది వనజాక్షి.

"యాడుంటాది? మద్రాసులో మేడ కట్టుకోని ఉంటాది. సినిమాకు పోయినాక గొంతు గూడా ఇంకా బాగైంది, ఇను."

వనజాక్షి వింది. పెదాలు తనవే. ఆ గొంతు ఇంకొకరిది. పాడినామెను తను చూడనైనా లేదు.

పద్యం ముగిసింది. డేరా అంతా ఈలలు.

"వన్స్ మోర్! వన్స్ మోర్!"

ఇరవై ఏండ్ల నాటకాల అలవాటు. వనజాక్షి లేచి నిలబడింది. చేతులు వాటంతటవే దండం పెట్టాయి. గొంతు సవరించుకుంది.

గుల్జార్‌బీ కొంగు పట్టి లాగింది.

"కూచో అక్కా, అడ్డమొస్తాండావ్. ఆయమ్మ కనపడల్యా."