అబద్ధానికి వెలిగే రాయి

చెరకుతోటకి నీళ్లు పెట్టడానికే పోతన్నానని మొగుడు సన్నిబాబు చెప్పినప్పుడు రాయి వెలగలేదు కదా, ఇంకా ఎందుకీ అనుమానం అని నూకరత్నం తనను తానే అడుగుతోంది. ఉసిరికాయంత స్ఫటికం అది. కొండల నుంచి చింతపండు తెచ్చే ముసలమ్మ చోడవరం సంతలో ఇచ్చింది. అబద్ధం వినపడితే వెలుగుతుంది. నిజమైతే ఉత్త గాజుముక్క.

అర్ధరాత్రి దాటాక ఎవరో తలుపు తట్టారు.

"ఒసే, తలుపు తియ్యే! తోటలో పాము కరిసేసింది."

సన్నిబాబు గొంతే. అరచేతిలో రాయి వెలగలేదు. పాము కరిచిన మాట నిజమే. కంగారుగా గడియ మీద చెయ్యి వేసి, ఎందుకో ఆగిపోయింది.

"ఎవరూ?"

"ఏటే ఎటకారం? నేనే, నీ మొగుణ్ని!"

రాయి భగ్గున వెలిగింది. బయట ఊపిరి తలుపుకి ఆనుకుని వినిపిస్తోంది. దూరంగా చెరకుతోటలో నీళ్ల మోటారు తిరుగుతూనే ఉంది.

పాము నిజం, మనిషి అబద్ధం. ఒకవేళ రాయే పొరబడితే, గుమ్మంలో ప్రాణం పోయేది తన మొగుడిదే.

"వస్తన్నాను, ఉండయ్యా," అంది.

రాయి మళ్లీ వెలిగింది. తను తలుపు తియ్యబోవడం లేదని నూకరత్నానికి అప్పుడే తెలిసింది.

చప్పుడు కాకుండా పై గడియ కూడా పెట్టింది.