శాంతి పుస్తకంలో పుట్టుమచ్చ

“సంతకం తర్వాత. ముందు నీ పుట్టుమచ్చ ఎక్కడుందో చెప్పమ్మా” అన్నాడు కూర్మారావు, పెన్ను మూత తీస్తూ.

ముప్పై ఏళ్లు పోలీసు నిఘా విభాగంలో పనిచేసి రిటైరయ్యాక ఆయనకు యుద్ధాల మీద విరక్తి పుట్టింది. పలాసలో జీడిపప్పు ఫ్యాక్టరీ గేటు ముందు ‘యుద్ధం వద్దు’ అని బ్యానరు కట్టి, సంతకాల రిజిస్టరుతో కూర్చున్నాడు. పొద్దున్నుంచీ ఒక్క సంతకమూ పడలేదు.

పప్పు ఒలిచే దోర్కాస్ రిజిస్టరులోకి తొంగిచూసింది. “నా కొడుకు బోర్డర్లో ఉన్నాడని వొచ్చినాను బాబూ. యుద్ధం ఆపడానికి పుట్టుమచ్చలెందుకు? ‘ఎవరితో తిరుగుతారు’ అని ఇంకో గడేటి?”

ఆ గడులన్నీ కూర్మారావు స్కేలు పెట్టి ముచ్చటగా గీసుకున్నవే.

“అలవాటమ్మా” అన్నాడు.

“మా అయ్య పేరు కూడా పోలీసోలు ఇలాగే అలవాటుగా రాసుకెల్లినారు. మరి ఇంటికి రానేదు.”

కూర్మారావు పెన్ను మూత పెట్టబోయాడు. దోర్కాస్ పెన్ను లాక్కుని, రిజిస్టరు తనవైపు తిప్పుకుంది. “ముందు నీది రాద్దుము. సెప్పు, పుట్టుమచ్చెక్కడ?”

“ఎడమ భుజం మీద.”

“ఎవలితో తిరుగుతావు?”

గేటు దగ్గర గుమిగూడిన ఆడవాళ్లవైపు చూశాడు. ఒక్కరూ అడుగు ముందుకు వేయలేదు.

“నాతో ఎవరూ తిరగరమ్మా.”

దోర్కాస్ ఆ గడిలో తన పేరు రాసింది.