చిక్: మూడో అర్థం

సభ మధ్యలో ఆమె చెయ్యెత్తగానే వేదిక మీద చీఫ్ ఎడిటరు ఇంత నోరు చేసుకుని నవ్వాడు.

"అదిగో, మా ఆఫీసు చిక్ లేచింది! అడగండి మేడమ్, అడగండి!"

హాలంతా గొల్లుమంది. ఆమెకు నలభై ఏడేళ్లు. ఉద్యోగంలో చేరిన కొత్తలో మొదలైన పిలుపు, జుట్టు నెరిసినా వదల్లేదు.

నిఘంటువు తెరిస్తే చిక్ అంటే కోడిపిల్ల. వీధిలో కుర్రకారు నోట్లో చిక్ అంటే ఈల వేయదగ్గ పిల్ల. "కోడి ఎగిరిపోయింది, పిల్ల మిగిలింది. అంతే తేడా" అని చీఫ్ జోకు వేసి, ఎవరూ నవ్వకముందే తాను నవ్వేవాడు. కొత్తగా చేరిన అమ్మాయి నుంచి రిటైర్మెంటుకు దగ్గరపడ్డ ప్రూఫ్ రీడరమ్మ దాకా ఆయనకు అందరూ చిక్‌లే.

ఇవాళ ఆవిష్కరిస్తున్నది కూడా అలాంటి మాటల పుస్తకమే. ఆడవాళ్లను పిలిచే ఇంగ్లీషు మాటలు, వాటికి అచ్చులో ఏం అర్థం, బజారులో ఏం అర్థం, వాటిని ఏ ఊళ్లో ఎవరి నోట విన్నారు, అన్నీ ఉన్న నిఘంటువు. దానికోసం ఉద్యోగంలో చేరిన నాటి నుంచీ, ఇరవై ఏళ్ల పైచిలుకు సెలవులన్నీ ధారపోసి, హాస్టళ్లు, బస్సు డిపోలు, బ్యూటీ పార్లర్లు, కోర్టు వరండాలు పట్టుకుని తిరిగింది ఆమె. అట్ట మీద పేరు మాత్రం చీఫ్‌ది. ముందుమాట చివర "టైపింగులో సాయపడిన సిబ్బందికి" ఒక కృతజ్ఞత పడేశాడు. ఆ సిబ్బందిలో ఆమె ఒకర్తి.

ఆ అట్ట చూసిన రోజు ఆమెకు ఏడుపు రాలేదు. ఈ మనిషి పరువు నలుగురి ముందూ తీస్తే తప్ప తనకు నిద్ర పట్టదని ఆ క్షణమే తేలిపోయింది.

లాయరుగా పనిచేసే చెల్లెలు అంతా విని పెదవి విరిచింది.

"కష్టం అక్కా. కంప్యూటరు ఆఫీసుది, కాగితాలూ ఆఫీసువే. మాటలంటావా, అవి ఎవరి సొత్తూ కావు. నేనూ తిరిగాను, నేనూ విన్నాను అంటాడు. ఏం చేస్తావు?"

ప్రచురణ సంస్థ యజమానురాలు ఇంకాస్త కటువుగా చెప్పింది. "ఆయన ఊరూరూ తిరిగి సేకరించానంటున్నారు. కాదని చూపించండి, మర్నాడే అట్ట మార్పించి మీ పేరు వేయిస్తా. చూపించలేకపోతే మాత్రం ఇంకెప్పుడూ నా గుమ్మం తొక్కొద్దు."

ఆ యజమానురాలు ఇప్పుడు వేదిక మీద, చీఫ్ పక్క కుర్చీలోనే ఉంది. ముందు వరుస నిండా పత్రికల వాళ్లు. చెల్లెలు ఫోను పైకెత్తి రికార్డు చేస్తోంది.

ఆమె మైకు అందుకుని గొంతులో తేనె కలిపింది.

"సార్, చిక్ అన్న మాటకు మీరిచ్చిన మూడో అర్థం నాకు చాలా నచ్చింది. 'గవ్వలరేవులో చేపలు కోసే ఆడవాళ్ల వాడుక. సముద్రం మీదికి పోయిన మొగుడు తిరిగి రాకపోతే, పడవ నడపడం నేర్చుకుని తానే వేటకు పోయే మనిషి.' ఇది మీకెలా దొరికింది సార్?"

చీఫ్ ముఖం చాటంత అయింది. దెబ్బలాటకు నడుం బిగించి వచ్చినవాడికి పొగడ్త దొరికింది మరి.

"ఎలా దొరికిందా? కాళ్లు అరగదీసుకుంటే దొరికింది! ఆఫీసులో ఫ్యాను కింద కూర్చునే చిక్‌లకు ఆ చేపల కంపు పడుతుందా? నేనొక్కణ్ణే వెళ్లా."

మళ్లీ నవ్వులు. ఆమె కూడా నవ్వినట్టు తలూపింది.

"ఊరు ఎలా ఉంటుంది సార్?"

చీఫ్ కళ్లు మూసుకున్నాడు. "బస్సు దిగగానే ఎడమ చేతి వైపు ఐసు ఫ్యాక్టరీ. దాని వెనక రేకుల షెడ్డు. అందులో ఓ ముసలమ్మ. ఓడల వాళ్ల దగ్గర నాలుగు ఇంగ్లీషు ముక్కలు పట్టింది. పడవెక్కుతున్న కోడల్ని చూపించి, 'అది రా అబ్బాయ్, చిక్ అంటే!' అంది. నాకు కళ్లమ్మట నీళ్లు కారిపోయాయంటే నమ్మండి."

చప్పట్లతో హాలు దద్దరిల్లింది. యజమానురాలు కూడా కొట్టింది. చెల్లెలి ముఖంలో నెత్తురుచుక్క లేదు.

"వాడికి కావలసిన సాక్ష్యమంతా నువ్వే పళ్లెంలో పెట్టి అందిస్తున్నావు. కూర్చో అక్కా, నీ పుణ్యముంటుంది" అని చెయ్యి పట్టి లాగింది.

ఆమె కూర్చోలేదు.

"అంటే ఆ అర్థాన్ని గవ్వలరేవులో, మీ చెవులతో మీరే విన్నారు. ఇంతమందిలో ఖాయంగా చెబుతున్నారు కదా సార్?"

"ప్రమాణం చేసి చెబుతున్నా!" చీఫ్ గుండె మీద చెయ్యి వేసుకున్నాడు. "నెల రోజులు ఆ ఊళ్లో కాపురమే పెట్టాననుకోండి. నమ్మకం లేకపోతే రేపే తీసుకెళ్లి చూపిస్తా, రా చిక్!"

హాలు పడీ పడీ నవ్వింది. ఆ నవ్వు పూర్తిగా చల్లారేదాకా ఆమె ఓపిగ్గా నిలబడింది.

"తప్పకుండా తీసుకెళ్లండి సార్" అంది, "నిఘంటువులు నిజంగా రాసేవాళ్లం దొంగ దొరకడం కోసం మా రాతల్లో ఎక్కడో ఒకచోట ఒక అబద్ధం దాచుకుంటాం, మీరు నన్ను మొట్టమొదట చిక్ అన్న సాయంత్రం నేను దాచుకున్న అబద్ధం పేరే గవ్వలరేవు."