తలుపు తాళం

“కాగితం వత్తే ముట్టుకోకూడదు సుధారాణీ. ముట్టుకుంటేనే కేసు అంటుకుంటాది.”

ఇంకా ఎవరూ రాకముందే దాలమ్మ పక్కింటావిడతో అన్న మాట అది.

బారిడీహ్ పేటలో ఆ రెండు గదుల్లో అద్దెకు దిగి ఇరవై రెండేళ్లు. ఇప్పుడు తన కొడుక్కి ఇల్లు కావాలంటున్నాడు ఇంటి ఓనరు బంగారురాజు. ఆ కొడుక్కి సీతారాండేరాలో రెండు ఇళ్లున్నాయని పేటంతా తెలుసు. “కోర్టులో చూసుకుందాం” అని మాత్రం అనేసి పోయాడు.

దాలమ్మ కొడుకు సూరజ్ చూస్తే ఫ్యాక్టరీ షట్‌డౌన్ పనికి రూర్కెలా వెళ్లాడు.

కొడుకు వెళ్లిన మర్నాడే గుమ్మంలో ఒక ముసలాయన. చేతిలో పొడుగాటి కవరు.

“కోర్టు నుంచొచ్చినాను తల్లీ. ఇది తీసుకుని సంతకం పెట్టు.”

“ఏటి కోర్టు? నిన్ను పంపింది ఆ రాజే. నాను ముట్టను.”

“ముట్టకపోతే నీకే నష్టం. నీ మాట చెప్పుకోడానికి పదిహేను రోజులే...”

తలుపు ఆయన ముక్కు ముందే ధన్‌మని పడింది.

నాలుగు రోజులకు మళ్లీ వచ్చాడు.

“చదువుకున్నోలు లేరేటి ఇంట్లో? నీ కొడుకు ఎప్పుడొత్తాడు?”

దాలమ్మ తలుపు సగం మూసింది. ఒంటరిగా ఉందని కనిపెట్టేశాడు! రేపు మనుషుల్ని తెచ్చి సామాను వీధిలో పారేయిస్తాడు.

“ఇరవై ఆరుకి వత్తాడు! వచ్చి నీ కాళ్లిరగ్గొడతాడు! వయసొచ్చింది గానీ సిగ్గు రాలేదేటి నీకు?”

ఆయన ఏదో రాసుకుని వెళ్లిపోయాడు.

మూడోసారి నోరు తెరవనివ్వలేదు. గిన్నెడు గంజి మొహాన కొట్టింది. ఆయన కళ్లజోడు తుడుచుకోలేదు. ముందు కవరు తడిసిందేమో చూసుకున్నాడు.

“బాగా అయ్యింది ఎదవకి!” గోడ మీంచి నవ్వింది సుధారాణి.

ఇరవై ఆరున సూరజ్ బ్యాగు దించుతుండగా మళ్లీ ఆయనే.

“ముట్టకురా!” అరిచింది దాలమ్మ.

“అరే మా, చుప్ రహో నా!” అంటూ తల్లి నోరు మూయించి సూరజ్ సంతకం పెట్టేశాడు.

“తేదీ ఇవాల్టిది వెయ్యి బాబూ. రేపే వకీలు దగ్గరికి ఎల్లు.”

దాలమ్మ వైపు చూడకుండా మెట్లు దిగాడు.

“ఇల్లు పోయినట్టే,” అంది దాలమ్మ. ఆ పూట అన్నం ముట్టలేదు.

వారం తర్వాత సాక్చీలోని తన ఆఫీసులో వకీలు శ్రీదేవి కాగితాలు తిరగేసింది.

“మా మాట వినండని అర్జీ వేశాను. గడువులోనే ఉన్నాం. ఈ రకం కేసులో సమన్లు ముట్టిన పదిహేను రోజుల్లో అర్జీ పడకపోతే ఇల్లు ఖాళీ చెయ్యడమే. తీసుకోనని తిప్పి పంపినా ముట్టినట్టే లెక్క.”

“తీసుకోకపోయినా?” అంది దాలమ్మ.

“తీసుకోకపోయినా. మొదటిసారే అలా రాసుంటే గడువు ఎప్పుడో దాటిపోయేది. అదృష్టం బాగుండి, సమన్లు తెచ్చిన అసిరయ్య మూడుసార్లూ ఒకటే రాశాడు. ‘తలుపు తాళం. ఇంట్లో ఎవరూ లేరు.’ మీరు ఇంట్లోనే ఉన్నారని బంగారురాజు ఒకటే పోట్లాట. ఈయన మాట మార్చలేదు. రిటైరవడానికి అయిదు రోజులుండగా పెన్షన్ మీదకి తెచ్చుకునే అబద్ధం ఎవరాడతారని అందరూ నమ్మారు. నిన్ననే సొంతూరు వెళ్లిపోయాడట.”

కాగితం మూసి తలెత్తింది.

“ఇంతకీ ఆ మూడు రోజులూ ఎక్కడికెళ్లారమ్మా?”

సూరజ్ తల్లి వైపు చూశాడు. వకీలు మరో ఫైలు అందుకుంది.

దాలమ్మ బల్ల మీది కాగితం మీద చెయ్యి వేసింది.

“తాళం నేదమ్మా. ఆయన మొకాన గంజి కొట్టింది నానే.”