బయటిరోజు

అధికారి లోపలికి వచ్చి తలుపు గడియ తనే వేశాడు. చంకలోని లావుపాటి పుస్తకాన్ని మంచం మీద పెట్టాడు. ఉతికిన గుడ్డలు మడతపెడుతున్న మంత్రసాని చేతులు అక్కడికక్కడే ఆగిపోయాయి. అది ఊరి పుట్టుకల చిట్టా. ముప్పై ఒక్క ఏళ్లుగా ఆమె చెబితేనే అందులోకి ప్రతి బిడ్డా ఎక్కింది.

అది ఎవరూ ఎవరింటికీ వెళ్లని రోజు. ఆ రాజ్యంలో ఏడాదికి తొమ్మిది నెలలు, నెలకు నలభై రోజులు. దుక్కి నెలతో మొదలై మంచు నెలతో ముగుస్తాయి. అన్నీ పోగా ఏటా ఒక్క రోజు మిగిలిపోతుంది. దానికి నెల లేదు, అంకె లేదు. బయటిరోజు అంటారు. ఆ రోజు కొట్లు తెరవరు, కచేరీ తెరవరు. ఆ రోజు ఏం జరిగినా ఏ లెక్కలోకీ రాదు. ఆ రోజు పుట్టిన పిల్లలూ అంతే. పది రోజులు తిరక్కుండా కచేరీ బండి వచ్చి వాళ్లను కొండ అవతలికి తీసుకుపోతుంది. తిరిగొచ్చిన వాళ్లను ఇంతవరకు ఎవరూ చూడలేదు.

అలాంటి రోజున, వెంట భటులు కూడా లేకుండా, ఇతను ఒక్కడే వచ్చాడు. ఈ గదిలో తననేం చేసినా అడిగేవాళ్లుండరని ఆమెకు తట్టింది. గొంతు చించుకున్నా పక్కింటి తలుపు తెరుచుకోదు.

అతనికి ముప్పై దాటి ఉండవు. నాలుగు నెలల కిందట బదిలీ మీద వచ్చాడు. నవ్వగా చూసిన వాళ్లు లేరు కాబట్టి ఊళ్లో అందరూ ఇనప కలం అని పిలుచుకుంటారు. కూర్చోమంటే కూర్చోలేదు. మంచినీళ్లిస్తే ముట్టలేదు. అంత చలిలోనూ అతని మెడ మీద చెమట మెరుస్తోంది. కోపం అలా ఉడికిస్తోంది కాబోలనుకుంది.

ఎంతమందికి పురుడు పోశారో గుర్తుందా అని అడిగాడు. లెక్క ఎప్పుడో మరిచిపోయానంది. తాను లెక్కపెట్టానని చెప్పి పుస్తకం తెరిచాడు.

“ఏ తేదీ తీసుకున్నా పదిమందో పన్నెండుమందో పుట్టారు, పెద్దమ్మా. బయటిరోజున మాత్రం ఒక్కరూ లేరు. మర్నాడు, దుక్కి ఒకటిన, ఇరవై ముగ్గురు.”

ఆమె నవ్వు తెచ్చుకుని, కడుపులో పిల్లలకి కూడా భయం ఉంటుంది కదయ్యా, ఒక రోజు ఆగి వస్తారేమో అంది. అతను నవ్వలేదు. నిజం చెప్పకపోతే ఎవరు అసలో ఎవరు దొంగో తేల్చడం తనవల్ల కాదని, ఆ ఇరవై ముగ్గురినీ బండి ఎక్కించాల్సి వస్తుందని మెల్లిగా అన్నాడు.

ఆమె కళ్ల ముందు వరసగా మొహాలు తిరిగాయి. తాళ్లు పేనే కవలలు. బడిలో చదువు చెప్పే పిల్ల. మొన్ననే అడుగులు నేర్చిన చిట్టిది.

“నేనే మార్చాను, బాబూ. వాళ్ల అమ్మానాన్నలది ఏ తప్పూ లేదు. నన్ను తీసుకుపొండి. పేర్లు మాత్రం నా నోటెంట రావు.”

పేర్లు అడగలేదతను. ఎలా చేశారని అడిగాడు. బిడ్డ పుట్టాక కూడా తలుపు తియ్యనని, తెల్లారేదాకా తల్లిని మూలుగుతూ ఉండమంటానని, ఇంకా కాన్పు కాలేదని వీధిలోవాళ్లు అనుకుంటారని చెప్పింది. బిడ్డ ఏడిస్తే అన్నాడు. తన ఒంటికి ఆనించుకుని దుప్పటి కప్పుకుంటానని, వెచ్చదనం తగిలితే చాలామంది ఊరుకుంటారని చెప్పింది. ఊరుకోని వాళ్లో అన్నాడు. తల్లి గొంతు పెంచుతుందంది. మర్నాడు తనిఖీకి వచ్చినవాళ్లు బొడ్డు ఆరిపోవడం కనిపెట్టరా అన్నాడు. తడిగుడ్డ చుట్టి ఉంచుతానంది. ఏ సందూ వదలకుండా ఉచ్చు బిగిస్తున్నాడని ఆమెకు అర్థమైంది. దాచి ప్రయోజనం లేదని అన్నీ చెప్పేసింది. అతను కలం బయటికి తియ్యనే లేదు. ఒక్కొక్క మాటా బట్టీ పడుతున్నవాడిలా పెదవులు కదిపాడు.

“ఎప్పుడైనా పట్టుబడ్డారా?”

“ఇవాళ్టిదాకా లేదు.”

“దీనికి శిక్షేమిటో తెలుసా?”

“తెలుసు.”

“తెలిసి కూడా ఇన్నిసార్లు చేశారు.”

“ఇంకోసారి వచ్చినా చేస్తాను,” అనేసింది. ముసలితనంలో ఈ నోటిదురుసు ఎందుకొచ్చిందో తనకే తెలియలేదు.

అధికారి పుస్తకం మూశాడు. గడియ తీసి, తలుపు ఓరగా తెరిచి వీధి ఆ చివరా ఈ చివరా చూశాడు. ఇక తీసుకుపోతాడని ఆమె దండెం మీది శాలువా భుజాన వేసుకుంది. ఇంటికి తాళం పెట్టుకోవచ్చా అని అడగబోయి, తాళం ఇక ఎవరికోసమని ఊరుకుంది. పొయ్యిలో నిప్పు మీద నీళ్లు చల్లింది. మడతపెట్టిన గుడ్డల్ని ఒకసారి తడిమి, గుమ్మం వైపు నడిచింది.

అతను దారివ్వలేదు. తలుపు మళ్లీ వేసి, దానికి వీపు ఆనించి, అలాగే కిందికి జారి నేల మీద కూలబడ్డాడు. మొహం పాలిపోయి ఉంది.

“మా ఆవిడకి పొద్దున్నుంచీ నొప్పులు,” అన్నాడు.