పెళ్లిపెద్ద గారు దారిలో ఉన్నారు

"సెనేటర్ గారు రానిదే పెళ్లి మొదలయ్యేది లేదు ఫాదర్," అంటూ పెళ్లికూతురి తల్లి బెనిల్డా చర్చి పీఠం ముందు మెట్టు మీద బైఠాయించింది.

ఫాదర్ అన్సెల్మో చేతి గడియారం వంక చూశాడు. "అమ్మా, బయట ఇంకో పెళ్లివాళ్లు పూలతో సహా వాడిపోతున్నారు. వాళ్ల వెనక బాప్తిస్మాలు ఉన్నాయి."

"సెనేటర్ కలింబాస్ గారు దారిలో ఉన్నారట."

"పొద్దున్నుంచీ దారిలోనే ఉన్నారు. ఆ దారి మన ఊరికేనా అని నా అనుమానం."

పరిస్థితి ఇదీ. పెళ్లికూతురు మారివెల్ కారులో. పెళ్లికొడుకు డియోనెల్ కంగారులో. బెనిల్డా మొగుడు క్రిస్పులో ఆవిడ అదుపులో. పేరు చివరే 'లో' ఉన్నవాడు కనక ఆయన ఏం అనుకున్నా లోలోపలే అనుకుంటాడు.

పెళ్లిపెద్దలకు కొరతేం లేదు. నినోంగులనే మగపెద్దలూ నినాంగులనే ఆడపెద్దలూ జంటలు జంటలుగా ముందు బెంచీలు నింపేశారు. పళ్ల డాక్టరు, ఫైరింజను కెప్టెను, రిటైరైన బ్యాంకు మేనేజరు. పన్ను కదిలినా, నిప్పంటుకున్నా, అప్పు కావలసివచ్చినా పిల్లకు లోటు రాకుండా బెనిల్డా ఏరికోరి తెచ్చిన పెద్దలు. కానీ పక్కింటి లుడివినా కూతురి పెళ్లికి ఉపమేయర్ వచ్చి పెళ్లిపెద్దగా నిలబడ్డాడు. ఆనాటి నుంచి లుడివినా చేపల బజారుకు కూడా ఊరేగింపులా వెళుతోంది. ఇవాళ సెనేటర్ రాకపోతే బెనిల్డా ఈ ఊళ్లో తలెత్తుకు తిరిగే ఆశ వదులుకోవచ్చు.

ఆ లుడివినా వెనక బెంచీలోనే కూర్చుని విసనకర్ర ఊపుకుంటోంది. "సెనేటర్ సంగతేమో గానీ వదినా, సెగ మాత్రం బాగా వచ్చింది."

బెనిల్డా వినపడనట్టు ముఖం తిప్పుకుంది.

డియోనెల్ దగ్గరికొచ్చి వంగాడు. బరోంగ్ చొక్కా అసలే పల్చన. అందులోంచి బనీను కనిపిస్తోంది, బనీనులోంచి గుండెదడ కనిపిస్తోంది. సెనేటర్ సంగతి అతనికి చర్చిలో అడుగుపెట్టాకే తెలిసింది. అల్లుణ్ణి ఆశ్చర్యపరుద్దామని అత్తగారు అంతదాకా దాచింది.

"అత్తయ్యా, మనకెందుకంత పెద్దవాళ్లు? ఉన్న పెద్దలు చాలు. కానిచ్చేద్దాం."

ఎంత నిరాడంబరుడో అని బెనిల్డా మురిసిపోయింది. ఓడ ఉద్యోగం, ఒద్దిక, ఆడంబరం గిట్టదు. ఎక్కడో దీవిలో ఉన్న అతని తరఫువాళ్లు ఒక్కరూ రాలేదు, తుఫానుకి పడవలు ఆగిపోయాయట. అందుకు ఆవిడ మరీ బాధపడలేదు. రెండు బెంచీలు మిగిలాయి, విందులో కాల్చిన పందీ మిగులుతుంది.

"నువ్వు ఊరుకో బాబూ. పెద్దల ఆశీర్వాదం విలువ నీకు తెలీదు."

ఇంతలో క్రిస్పులో కారు దగ్గర్నుంచి వచ్చాడు. "పెళ్లి తనదా, సెనేటర్‌దా అని అమ్మాయి అడగమంది."

"పెళ్లి దానిదే. ముహూర్తం ఆయనది. వెళ్లి చెప్పండి."

కొవ్వొత్తులు కరుగుతున్నాయి. ఫాదర్ ఓపికా కరుగుతోంది. కరగనిది బెనిల్డా పంతం ఒక్కటే.

"ఇక ఆగను," అన్నాడు ఫాదర్. "పెళ్లికూతుర్ని దింపండి."

బెనిల్డా గభాల్న లేచి, వధూవరుల భుజాల మీద వెయ్యాల్సిన పట్టుతాడును పళ్లెంలోంచి లాగేసింది. హ్యాండ్‌బ్యాగులో కుక్కి, ఆ బ్యాగు మీద కూర్చుంది. "ఇవాళ తాడో పేడో తేలిపోవాలి. తాడు నా దగ్గరుంది."

"తాడు ఆచారమమ్మా, శాసనం కాదు. అది లేకపోయినా పెళ్లి చెల్లుతుంది."

"అలా కట్టకుండా వదిలేస్తే రేపు అల్లుడు తెంచుకుపోతే మీరు వెతికి తెస్తారా?"

"అత్తయ్యా, ఆ తాడిలా ఇవ్వండి," అన్నాడు డియోనెల్ ఏడుపు గొంతుతో. "నా మెడకి నేనే తగిలించుకుంటాను."

చర్చి అంతా నవ్వింది. అల్లుడి తొందర చూసి బెనిల్డా కూడా నవ్వింది.

అప్పుడే వీధిలో సైరన్ మోగింది. ముందు అంగరక్షకులు, వాళ్ల వెనక బొజ్జ, బొజ్జ వెనక సెనేటర్ కలింబాస్ లోపలికొచ్చారు. దొరికిన ప్రతి చెయ్యీ ఊపేస్తూ నడిచాడాయన. గోడవారనున్న జోజప్ప విగ్రహానికి కూడా చెయ్యి చాపి, ఓటు లేదని గుర్తొచ్చి వెనక్కి తీసుకున్నాడు.

బెనిల్డా లుడివినా వంక ఒక్క చూపు చూసింది. విసనకర్ర ఆగిపోయింది. ఇక ఆ చూపుతో బెనిల్డాకు ఓ ఏడాది గడిచిపోతుంది.

"అల్లుడేడీ?" అంది బెనిల్డా.

అల్లుడు స్తంభం వెనక వంగి బూటు లేసు కట్టుకుంటున్నాడు. ఎంతకీ లేవడే. ఆవిడే వెళ్లి చెయ్యి పట్టుకుని లాక్కొచ్చింది. "బాగా సిగ్గరి సార్. తమ చేత్తో దీవించండి."

మైకు కనపడితే వదిలే అలవాటు సెనేటర్‌కు లేదు. ఫాదర్ ముందున్నది అందుకున్నాడు. డియోనెల్ ముఖంలోకి చూశాడు, కళ్లు చిట్లించాడు, అమాంతం కావలించుకున్నాడు.

"ఓరి, నువ్వటోయ్," అన్నాడు చర్చి గోడలు మారుమోగేలా. "పోయిన ఏడు సెబూలో నీ పెళ్లికీ నన్నే పిలిచారు, మొన్న నీ కొడుక్కి నా పేరే పెట్టారట, ఏమైనా నీ అత్తగార్లందరికీ నేనంటే మహా అభిమానమోయ్."